చేతులు చెప్పే మాట

హైదరాబాదు నగరానికి తూర్పు వాకిలి ఉప్పల్. వరంగల్ రహదారి, నాగోలు వైపు నుంచి వచ్చే వలయ రహదారి, రామంతాపూర్ దారి, హబ్సిగూడ మీదుగా సికిందరాబాదుకు పోయే దారి ఈ కూడలిలోనే కలుస్తాయి. యాదగిరిగుట్టకు, హనుమకొండకు పోయే బస్సుల కోసం నిలిచినవారు, క్రికెట్ పోటీ ఉన్ననాడు స్టేడియానికి తరలివచ్చేవారు, 2017 నవంబరులో మొదలైన మెట్రో రైలు ఎక్కేవారు, 2023లో ప్రారంభమైన ఆకాశవంతెన మీద నడిచేవారు - ఇలా ఈ చోటు జనంతో ఎప్పుడూ కిటకిటలాడుతుంటుంది. హారన్ల మోత, కండక్టర్ల కేకలు, మైకులో ప్రకటనలు, దీపాల తళుకులు, పొగవాసన అన్నీ ఒక్కసారే మన మీదికి వస్తాయి. మనం వాటిని పెద్దగా పట్టించుకోకుండానే మన పని మీద మనం వెళ్ళిపోతాం. అందరికీ అది అంత సులభం కాదు.

ఆ జనంలో ఒక తల్లీ, ఆమె పన్నెండేళ్ల కొడుకూ ఉన్నారని ఊహించుకొందాం. వారు నాచారంలో ఉంటారు. హబ్సిగూడలో దిగి అక్కడి నుంచి ఆటోలో ఇల్లు చేరాలని ఉప్పల్ మెట్రో స్టేషనులో రైలు కోసం ఎదురుచూస్తున్నారు. దూరాన రైలు కనిపించగానే ఆ బాలుడు మునివేళ్ల మీద లేచాడు. రెండు చేతులనూ ముఖానికి ఎదురుగా పక్షి రెక్కల వలె ఆడించసాగాడు. గొంతులో నుంచి సన్నగా ఒకే స్వరం తీస్తున్నాడు. చుట్టూ ఉన్నవారి చూపులన్నీ అతని మీదికి మళ్లాయి. ఒకరు నవ్వారు. ఇంకొకరు సెల్‌ఫోన్ తీసి చిత్రీకరించబోయారు. ఒక పెద్దాయన మంచి మనసుతోనే, "అమ్మా, పిల్లవాని చేతులు పట్టుకో. నలుగురూ చూస్తున్నారు" అన్నాడు.

తల్లి సిగ్గుతో కొడుకు చేతులను గట్టిగా అదిమి పట్టుకొన్నది. ఆ చేతులు ఆగిపోయాయి. కాని మరుక్షణంలో బాలుని ఊపిరి వేగమైంది. అతడు పెద్దగా అరిచాడు, చేతులు విడిపించుకొన్నాడు, తన తలను తానే కొట్టుకోవడం మొదలుపెట్టాడు. వచ్చిన రైలు వెళ్లిపోయింది. తల్లి కొడుకును పొదువుకొని ప్లాట్‌ఫారం మీదనే కూలబడింది. చూసినవారిలో కొందరు పెంపకం సరిగా లేదనుకొన్నారు, కొందరు పిచ్చి అనుకొన్నారు. తాటిచెట్టు కింద కూర్చొని పాలు తాగినా కల్లే అంటారు కదా! కనిపించిన దానిని బట్టి తీర్పు చెప్పడం లోకానికి అలవాటు.

ఆ చేతులు ఏమి చేస్తున్నాయి? వాటిని ఆపినందువల్ల ఏమి పోయింది? ఈ ప్రశ్నలకు సమాధానం తెలుసుకోవడమే ఈ పాఠం ఉద్దేశం.

ఆటిజం - ఒక పరిచయం

ఆ బాలునికి ఆటిజం ఉన్నది. తెలుగులో దీనిని స్వలీనత అని కూడా వ్యవహరిస్తారు. ఇది ఒకరి నుంచి ఒకరికి సోకే రోగం కాదు. మెదడు ఎదుగుదలలో శైశవం నుంచే ఉండే ఒక భేదం. ఈ భేదం కారణంగా ఇతరులతో మాట కలపడం, ముఖకవళికలను గ్రహించడం, మార్పులను తట్టుకోవడం, శబ్దం, వెలుతురు, స్పర్శ వంటి వాటిని స్వీకరించడం వంటి విషయాలలో వీరు ఇతరులకంటె భిన్నంగా ఉంటారు. ఆటిజం ఉన్నవారందరూ ఒకే తీరున ఉండరు. కొందరు అనర్గళంగా మాట్లాడతారు. కొందరికి నోట మాట రాదు. కొందరికి బుద్ధిమాంద్యం కూడా ఉండవచ్చు, కొందరు చదువులో మిక్కిలి చురుకుగా ఉండవచ్చు. పుర్రెకో బుద్ధి, జిహ్వకో రుచి అన్న సామెత వీరికీ వర్తిస్తుంది.

1943లో అమెరికాలోని బాల్టిమోర్ నగరంలో లియో కానర్ అనే వైద్యుడు పదకొండుగురు పిల్లలను పరిశీలించి, వారిలోని పోలికలను వివరంగా రాశాడు. ఉన్నది ఉన్నట్లే ఉండాలన్న పట్టుదల, చేసిన పనినే మళ్లీ మళ్లీ చేయడం, గుండ్రని వస్తువు దొరికితే దానిని గిరగిర తిప్పుతూ ఆనందించడం వారిలో కొందరి లక్షణాలుగా ఆయన గుర్తించాడు. మరుసటి సంవత్సరం వియన్నాలో హాన్స్ ఆస్పర్గర్ కూడా ఇటువంటి పిల్లలను గురించి రాశాడు. అంటే చేతులు ఆడించడం, వస్తువులు తిప్పడం వంటి చేష్టలు ఆటిజాన్ని గుర్తించిన తొలినాటి నుంచీ వైద్యుల దృష్టిలో ఉన్నవే.

తల్లి ప్రేమ చాలనందువల్ల పిల్లలు ఇలా అవుతారన్న వాదం ఒకప్పుడు బాగా ప్రచారంలో ఉండేది. తరువాత జరిగిన పరిశోధనలు అది పూర్తిగా తప్పని తేల్చాయి. ఆటిజంలో జన్యువుల పాత్ర ఎక్కువని కవలల మీద జరిగిన అధ్యయనాలు వెల్లడించాయి. టీకాల వల్ల ఆటిజం వస్తుందన్న ప్రచారంలోనూ నిజం లేదు. అయినా నేటికీ మన ఇళ్లలో తప్పు తల్లి మీద మోపడం పూర్తిగా పోలేదు. స్టేషనులో ఆ తల్లి పడిన సిగ్గుకు మూలం ఇదే.

ప్రపంచ ఆరోగ్య సంస్థ అంచనా ప్రకారం 2021లో ప్రపంచ జనాభాలో సుమారు 127 మందిలో ఒకరికి ఆటిజం ఉన్నది. మన దేశంలో అయిదు ప్రాంతాలలో, రెండు నుంచి తొమ్మిదేళ్ల పిల్లలపై జరిగిన ఒక పెద్ద అధ్యయనం 2018లో వెలువడింది. ఆ అయిదింటిలో హైదరాబాదు ఒకటి. ఆటిజం, మూర్ఛ, వినికిడి లోపం మొదలైన తొమ్మిది స్థితులలో కనీసం ఒకటి ఉన్నవారు పిల్లలలో దాదాపు ఎనిమిది మందికి ఒకరున్నారని అది తెలిపింది. కాబట్టి ఇది ఎక్కడో ఎవరికో ఉండే విషయం కాదు. మన వీధిలోనిది, మన తరగతిలోనిది.

మన నగరంలో పుట్టిన కొలమానం

ఆటిజాన్ని గుర్తించడానికి చాలాకాలం పాటు మన దేశంలో విదేశీ పద్ధతుల మీదనే ఎక్కువగా ఆధారపడవలసి వచ్చేది. ఈ కొరత తీర్చే ప్రయత్నం హైదరాబాదు జంటనగరాలలోనే జరిగింది. కేంద్ర ప్రభుత్వం 1984లో సికిందరాబాదులోని బోయినపల్లి దగ్గర, మనోవికాస్ నగర్‌లో నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఫర్ ది మెంటల్లీ హ్యాండికాప్డ్ అనే సంస్థను నెలకొల్పింది. తరువాతి కాలంలో దీని పేరు నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఫర్ ది ఎంపవర్‌మెంట్ ఆఫ్ పర్సన్స్ విత్ ఇంటలెక్చువల్ డిజబిలిటీస్ అని మారింది. ఈ సంస్థ 2009లో భారతీయ ఆటిజం కొలమానాన్ని రూపొందించింది. ఇందులో ఆరు విభాగాలు, నలభై అంశాలు ఉన్నాయి. ప్రతి అంశానికీ ఒకటి నుంచి అయిదు వరకు మార్కులు వేస్తారు. మొత్తం డెబ్బైకి చేరినా, దాటినా ఆటిజం ఉన్నట్లు లెక్క. 2016లో కేంద్ర ప్రభుత్వం ఆటిజం ధ్రువపత్రాలు ఇవ్వడానికి ఈ కొలమానాన్ని స్వీకరించింది.

ఒకే చేష్టను మళ్లీ మళ్లీ చేయడం, శబ్దస్పర్శాదులకు అతిగా స్పందించడం, విన్న మాటనే తిరిగి పలకడం వంటివి ఆ నలభై అంశాలలో ఉన్నాయి. ఆ చేష్ట ఎంత తరచుగా కనిపిస్తున్నదో చూసి మార్కులు వేస్తారు. ఆటిజం ఉన్నదో లేదో నిర్ణయించడానికి, చట్టం ఇచ్చే సౌకర్యాలు అందడానికి ఈ లెక్క అవసరమే. అయితే ఒక్క విషయం గుర్తుంచుకోవాలి. కొలమానం చేష్ట ఎంత ఉన్నదో చెబుతుంది. ఆ చేష్ట ఎందుకు ఉన్నదో, ఆ మనిషికి అది ఏ విధంగా ఉపయోగపడుతున్నదో చెప్పదు. ఆ సంగతి దగ్గర ఉండి చూసినవారికి తెలియాలి, లేదా ఆ మనిషే చెప్పాలి.

ఎన్నో రూపాలు

ఈ విధమైన చేష్టలను ఆంగ్లంలో స్టిమ్మింగ్ అంటారు. తనకు కావలసిన ప్రేరణను తానే కలిగించుకోవడం అని దీని భావం. తెలుగులో స్వీయప్రేరణ చేష్టలు అని చెప్పుకోవచ్చు. వీటికి లెక్కలేనన్ని రూపాలున్నాయి. కొందరు చేతులు ఆడిస్తారు, ముందుకు వెనుకకు ఊగుతారు, ఒకే చోట ఎగురుతారు, మునివేళ్ల మీద నడుస్తారు. కొందరు తిరుగుతున్న ఫ్యానును గంటల తరబడి చూస్తారు, గిన్నె మూతను నేల మీద బొంగరంలా తిప్పుతారు, కంటికి ఎదురుగా వేళ్లు ఆడిస్తూ వాటి సందుల నుంచి వచ్చే వెలుతురును చూస్తారు. కొందరు కూనిరాగం తీస్తారు. టీవీ ప్రకటనలోని ఒక వాక్యాన్ని పదే పదే పలుకుతారు. కొందరు అమ్మ చీర కొంగును వేళ్ల మధ్య నలుపుతూ ఉంటారు. గడప దగ్గరి చెప్పులన్నింటినీ వరుసగా పేర్చేవారూ ఉన్నారు.

మనం ఊహించుకొన్న బాలునికి మరొక అలవాటు ఉన్నది. రైలులో వినిపించే ప్రకటనలను విని, స్టేషన్ల పేర్లను వరుసగా వల్లిస్తాడు. నాగోలు, ఉప్పల్, స్టేడియం, ఎన్‌జీఆర్‌ఐ, హబ్సిగూడ. ఇంటి దగ్గర భోజనానికి కూర్చొన్నప్పుడు కూడా ఇదే వల్లె వేస్తాడు. వినేవారికి అది అర్థం లేని మాటగా తోచవచ్చు. అతనికి మాత్రం ఏ పేరు తరువాత ఏ పేరు వస్తుందో కచ్చితంగా తెలిసిన ఆ వరుస ఒక ధైర్యం. కొన్ని సందర్భాలలో అది ఒక అభ్యర్థన కూడా. హబ్సిగూడ అనే మాటను పదే పదే అంటున్నాడంటే, ఇక ఇంటికి పోదామని అడుగుతున్నాడని అతని తల్లికి తెలుసు.

ఇవి మనకు కొత్తవా?

ఈ చేష్టలను వింతగా చూసే ముందు మనలను మనం ఒకసారి పరిశీలించుకొందాం. పరీక్షా మందిరంలో ప్రశ్నపత్రం కోసం ఎదురుచూస్తున్నప్పుడు కాలు ఊపని విద్యార్థి ఎంతమంది ఉంటారు? కలం మూతను తీస్తూ పెడుతూ ఉండేవారు, గోళ్లు కొరికేవారు, జడ కొసను వేలికి చుట్టుకొనేవారు ప్రతి తరగతిలోనూ కనిపిస్తారు. అరుగు మీద కూర్చొని కాళ్లు ఊపితే అవ్వ కోప్పడుతుంది. ఆ అవ్వే మనవరాలిని ఒడిలో వేసుకొని, ఒకే లయతో ఊపుతూ నిద్రపుచ్చుతుంది. పసివానికి ఉయ్యాల ఊపు హాయినిస్తుందని మన తల్లులకు ఏ శాస్త్రవేత్తా చెప్పనక్కరలేదు. ఆడపిల్లలు చేతులు పట్టుకొని ఒప్పులకుప్ప తిరగడం, తిరునాళ్లలో రంగులరాట్నం ఎక్కడం కళ్లు తిరిగే ఆ అనుభవం కోసమే కదా! జపమాల పూసలను ఒక్కొక్కటిగా తిప్పుతున్నప్పుడు మనసు కుదుటపడటం పెద్దలకు అనుభవమే.

కాబట్టి లయతో కూడిన పునరావృత చలనం మనిషికి స్వభావసిద్ధమైనది. మన చేష్టలు చిన్నవి కాబట్టి, సమాజం వాటికి అలవాటుపడినది కాబట్టి ఎవరూ పట్టించుకోరు. ఆటిజం ఉన్నవారి చేష్టలు కొట్టవచ్చినట్లు కనిపిస్తాయి. అంతేకాక వారికి వాటి అవసరం మనకంటె ఎన్నో రెట్లు ఎక్కువ.

లోపల జరిగేది

పంచేంద్రియాలను గురించి మనం చిన్నప్పటి నుంచీ చదువుకొంటున్నాం. ఇవికాక శరీరంలో మరి రెండు జ్ఞానాలు పనిచేస్తుంటాయి. లోపలి చెవిలోని ఒక నిర్మాణం తల ఎటు వంగినదో, శరీరం ఏ దిశగా కదులుతున్నదో మెదడుకు తెలియజేస్తుంది. కండరాలలో, కీళ్లలో ఉండే నాడుల కొసలు చేయి ఎక్కడ ఉన్నదో, కాలు ఎంత బలంగా నేలను తాకుతున్నదో తెలుపుతాయి. కళ్లు మూసుకొన్నా మనం అన్నం ముద్దను సరిగా నోటికి అందించగలగడం ఈ జ్ఞానం చలవే.

ఈ దారులన్నింటి నుంచీ మెదడుకు నిరంతరం సమాచారం అందుతూనే ఉంటుంది. అందులో అవసరమైన దానిని ఉంచుకొని, అనవసరమైన దానిని పక్కన పెట్టడం మెదడు చేసే ముఖ్యమైన పని. తరగతి గదిలో ఫ్యాను చప్పుడు ఉన్నా మనకు అధ్యాపకుని మాటే వినిపించడానికి కారణం ఇదే. ఆటిజం ఉన్న చాలామందిలో ఈ వడపోత మరొక విధంగా సాగుతుంది. కొందరికి ట్యూబులైటు సన్నని రొద కూడా భరించరానిదిగా ఉంటుంది. మరికొందరికి ఎంత గట్టిగా తాకినా తాకినట్లే ఉండదు. ఒకే మనిషికి శబ్దం ఎక్కువగా, స్పర్శ తక్కువగా తెలియవచ్చు. అమెరికా మనోవైద్యుల సంఘం 2013లో ప్రచురించిన నిర్ధారణ గ్రంథంలో ఇంద్రియ స్పందనలలోని ఈ తేడాలను కూడా ఆటిజం లక్షణాలలో చేర్చింది.

ఇప్పుడు నాచారం సంగతి చూద్దాం. అక్కడ పారిశ్రామికవాడ ఉన్నది. యంత్రాల హోరు, లారీల రాకపోకలు, సైరన్ మోతలు అక్కడివారికి నిత్యకృత్యం. వడపోత సరిగా సాగని మెదడుకు ఈ శబ్దాలన్నీ ఒకే స్థాయిలో, ఒకేసారి చేరితే ఎలా ఉంటుందో ఊహించండి. ఆ గందరగోళంలో తన చేతుల కదలిక ఒక్కటే తన అధీనంలో ఉన్నది. అది ఎప్పుడు మొదలవుతుందో, ఎంత వేగంగా సాగుతుందో, తరువాత ఏమి వస్తుందో అతనికి ముందే తెలుసు. వరదలో కొట్టుకొనిపోయేవానికి దొరికిన చెట్టుకొమ్మ వంటిది ఆ లయ. బయటి శబ్దం మీద నుంచి దృష్టిని అది తన వైపుకు తిప్పుకొంటుంది. ఇది ఒక కారణం.

ప్రేరణ తక్కువగా అందేవారి విషయం దీనికి విరుద్ధం. తమ శరీరం ఎక్కడ ఉన్నదో స్పష్టంగా తెలియక, వారు ఎగిరి, ఊగి, గోడకు ఆనుకొని ఆ కొరతను పూరించుకొంటారు. మూడవది భావోద్వేగం. పట్టలేని సంతోషం కలిగినప్పుడు మనం చప్పట్లు కొడతాం, ఎగిరి గంతేస్తాం. వారు చేతులు ఆడిస్తారు. భయం, ఎదురుచూపు, విసుగు కలిగినప్పుడు కూడా అంతే. నాలుగవది ఏకాగ్రత. శరీరం ఒక లయలో కదులుతుంటేనే వినగలిగేవారు, ఆలోచించగలిగేవారు ఉన్నారు. ఉప్పల్ స్టేషనులో ఆ బాలుని చేతులు ఆడినప్పుడు అందులో రైలు వచ్చిందన్న సంతోషమూ, దాని హోరు వల్ల కలిగిన భయమూ రెండూ ఉండి ఉండవచ్చు.

ఇవి బయటివారు చేసిన ఊహలు మాత్రమే కావు. ఆటిజం ఉన్నవారే స్వయంగా ఈ మాట చెప్పారు. అమెరికాలో పశుశాస్త్ర ఆచార్యురాలిగా పేరుపొందిన టెంపుల్ గ్రాండిన్ తన చిన్ననాటి సంగతులను 1986లో పుస్తకంగా రాసింది. పసితనంలో ఆమె ఇసుకను వేళ్ల సందుల నుంచి జారవిడుస్తూ, రేణువులను చూస్తూ గంటలు గడిపేది. అప్పుడు చుట్టుపక్కల శబ్దాలు ఆమెను బాధించేవి కావు. టీకా వేసేటప్పుడు పశువులను కదలకుండా నిలిపే చట్రాన్ని చూసి, గట్టి ఒత్తిడి శరీరానికి నెమ్మదినిస్తుందని గ్రహించి, పద్దెనిమిదేళ్ల వయసులో తన కోసం అటువంటి యంత్రాన్ని తయారు చేసుకొన్నది. 2019లో స్టీవెన్ కాప్ అనే పరిశోధకుడు తన సహచరులతో కలిసి ఆటిజం ఉన్న ముప్పైమందికి పైగా పెద్దలను ఈ చేష్టల గురించి అడిగాడు. అలవిగాని ఉద్వేగాన్ని, ఇంద్రియాల భారాన్ని అదుపులో పెట్టుకోవడానికి అవి తమకు తోడ్పడతాయని వారు చెప్పారు. లోకం చూసి నవ్వుతుందన్న భయంతో అణచుకోవలసి రావడమే తమకు కష్టమని కూడా తెలిపారు.

అణచివేత ఖరీదు

ఇన్ని ఉపయోగాలున్న చేష్టలను ఒకప్పుడు కేవలం అణచవలసిన దోషాలుగానే చూశారు. 1960లలో అమెరికాలోని కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో ఐవార్ లోవాస్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త పిల్లల చేత ఈ చేష్టలు మాన్పించడానికి చెంపదెబ్బలను, విద్యుత్ ఘాతాలను సైతం ప్రయోగించాడు. నేడు అటువంటి పద్ధతులను వైద్యలోకం ఖండిస్తున్నది. కాని మెత్తని రూపంలో అణచివేత నేటికీ ఉన్నది. మన బడులలో నిత్యం వినిపించే "చేతులు కట్టుకొని కూర్చో" అనే మాట అటువంటిదే. ఆ మాట చాలామంది పిల్లలకు సామాన్యమైన ఆజ్ఞ. ఆటిజం ఉన్న పిల్లవానికి మాత్రం అది ఉన్న ఒక్క ఆసరానూ వదిలివేయమనడం. అతడు తన శక్తినంతా కూడదీసుకొని చేతులను కదలకుండా ఉంచుతాడు. ఇక పాఠం వినడానికి శక్తి మిగలదు. ఉపాధ్యాయునికి బుద్ధిమంతుడు కనిపిస్తాడు, పిల్లవానికి పాఠం కనిపించదు. బడిలో రోజంతా బిగపట్టినది ఇంటికి రాగానే ఏడుపుగా, ఆగ్రహంగా బద్దలవుతుంది.

మరొక నష్టం ఇంకా లోతైనది. తన శరీరం సహజంగా చేసే పని సిగ్గుపడవలసినదని పసివయసులోనే నేర్చుకొన్నవాడు, తన ఉనికినే తప్పుగా భావిస్తాడు. తల్లిదండ్రులు నలుగురి చూపులకు వెరచి పిల్లవానిని ఇంటికే పరిమితం చేస్తారు. పెళ్లిళ్లకు వెళ్లరు, మెట్రో ఎక్కరు, పార్కుకు పోరు. ఒక కుటుంబమంతా లోకానికి దూరమవుతుంది.

ఎప్పుడు జోక్యం చేసుకోవాలి?

అయితే ప్రతి చేష్టనూ చూస్తూ ఊరుకోవాలని దీని అర్థం కాదు. తల గోడకేసి కొట్టుకోవడం, చేతిని గాయమయ్యేలా కొరుక్కోవడం, కంటిలో వేలు పొడుచుకోవడం వంటివి ప్రమాదకరం. అటువంటప్పుడు ముందుగా దెబ్బ తగలకుండా కాపాడాలి. తలకు, గోడకు మధ్య దిండును గాని, అరచేతిని గాని అడ్డుపెట్టాలి. ఆ తరువాత కారణం వెతకాలి. మాట రాని పిల్లవాడు పంటి నొప్పిని, చెవిపోటును, కడుపునొప్పిని చెప్పే దారి లేక తల కొట్టుకోవచ్చు. అందువల్ల ఉన్నట్టుండి ఇటువంటి చేష్టలు మొదలైనా, పెరిగినా వైద్యునికి చూపించడం తప్పనిసరి. ఆకలి, నిద్రలేమి, కొత్త చోటు, పెద్ద శబ్దం కూడా కారణాలు కావచ్చు. చేష్టకు ముందు ఏమి జరిగిందో, తరువాత ఏమి జరిగిందో కొన్ని రోజులు రాసిపెట్టుకొంటే కారణం బయటపడే అవకాశం ఎక్కువ.

కారణం తెలిసిన తరువాత అదే అవసరాన్ని తీర్చే క్షేమమైన మార్గాన్ని చూపాలి. చేయి కొరుక్కొనే పిల్లవానికి నమలడానికి వీలైన మెత్తని రబ్బరు వస్తువు ఇవ్వవచ్చు. ఊగాలనుకొనేవానికి ఉయ్యాల ఏర్పాటు చేయవచ్చు. శబ్దం భరించలేనివానికి చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టవచ్చు, జనం తక్కువగా ఉన్న వేళలో ప్రయాణం చేయించవచ్చు. ఆక్యుపేషనల్ థెరపీ నిపుణులు ఈ విషయంలో దారి చూపుతారు. ఆటిజాన్ని పూర్తిగా పోగొట్టే మందు ఏదీ లేదు. నయం చేస్తామని ఆశపెట్టేవారి మాటలు నమ్మి ఉన్న డబ్బును పోగొట్టుకోవడం కుటుంబానికి మరొక దెబ్బ.

ప్రమాదం లేని చేష్ట విషయంలో అడగవలసిన ప్రశ్న ఒక్కటే. దాని వల్ల ఎవరికి ఇబ్బంది? ఆ పిల్లవానికా, చూసేవారికా? చూసేవారికే అయితే మారవలసినది చూపు.

చట్టం ఏమి చెబుతున్నది?

1995 నాటి వికలాంగుల చట్టంలో ఆటిజం ప్రస్తావన లేదు. 1999లో వచ్చిన నేషనల్ ట్రస్టు చట్టం దానిని గుర్తించింది. 2016లో పార్లమెంటు ఆమోదించి, 2017 ఏప్రిల్ 19 నుంచి అమలులోకి వచ్చిన దివ్యాంగుల హక్కుల చట్టం 21 రకాల వైకల్యాలను పేర్కొంటూ అందులో ఆటిజాన్ని చేర్చింది. వైకల్యం ఉన్న వ్యక్తిని నలుగురి ఎదుట ఉద్దేశపూర్వకంగా అవమానించడం ఈ చట్టంలోని 92వ విభాగం ప్రకారం శిక్షార్హమైన నేరం. ఆరు నెలల నుంచి అయిదేళ్ల వరకు జైలుశిక్ష, జరిమానా పడవచ్చు. ఐక్యరాజ్య సమితి 2007లో చేసిన తీర్మానాన్ని అనుసరించి, 2008 నుంచి ఏటా ఏప్రిల్ 2వ తేదీని ప్రపంచ ఆటిజం అవగాహన దినంగా పాటిస్తున్నారు.

చట్టం శిక్ష వేయగలదు గాని స్నేహం కలిగించలేదు. అది పక్కన నిలబడినవారి చేతిలో ఉన్నది. ఆ పక్కన నిలబడినవారిలో రేపు మీరూ ఉండవచ్చు. కళాశాలకు పోతూ బస్సులో, మెట్రోలో, ఉప్పల్ కూడలిలో ఇటువంటి పిల్లవాడు మీకు తటస్థపడవచ్చు. మీ తరగతిలోనే ఒక మిత్రుడు పాఠం వింటూ ఊగుతూ ఉండవచ్చు. అప్పుడు చేయవలసినవి పెద్ద పనులేమీ కావు. తేరిపార చూడకపోవడం, చిత్రీకరించకపోవడం, కొంచెం చోటు ఇవ్వడం, వెంట ఉన్నవారిని "ఏమైనా సాయం కావాలా?" అని మెల్లగా అడగడం, అక్కరలేదంటే ఊరుకోవడం. ఇవి చాలు.

మళ్లీ ఒకసారి ఆ స్టేషనుకు వెళదాం. రైలు వస్తున్నది. బాలుడు మునివేళ్ల మీద లేచి చేతులు ఆడిస్తున్నాడు. ఈసారి పక్కనున్న ఒక విద్యార్థి సెల్‌ఫోన్‌ను జేబులో పెట్టుకొని, రెండడుగులు పక్కకు జరిగి దారి ఇచ్చాడు. పెద్దాయన ఏమీ అనలేదు. తల్లి కొడుకు చేతులు పట్టుకోలేదు, అతని పక్కన నిలబడింది, అంతే. తలుపులు తెరుచుకొన్నాయి. వారు లోపలికి వెళ్లి కూర్చొన్నారు. కాసేపటికి చేతులు వాటంతట అవే నెమ్మదించాయి. "స్టేడియం, ఎన్‌జీఆర్‌ఐ, హబ్సిగూడ" అంటున్నాడు బాలుడు. "అవును నాన్నా, హబ్సిగూడలో దిగి ఇంటికి పోదాం" అన్నది తల్లి.